నాలుగు వేళ్ల దూరం

టాడ్‌మోర్డెన్‌లో వాన పడుతోందనరు.
వాన ఉందంటారు, కొండ ఉందన్నట్టు.

కన్జర్వేటివ్ క్లబ్బు మేడగదిలో కప్పు కారుతుంది.
పోయిన చలికాలం చుక్క
స్నూకర్ బల్లకి జానెడు దూరంలో పడేది,
ఇప్పుడు నాలుగు వేళ్లు.
కింద జింకు బకెట్టు.
గ్లాసులు తుడిచేదాన్ని, నాకు ఓటు లేదు.
బకెట్టు పారబోయడం మాత్రం నా పనే.

అమ్మేద్దాం, అన్నాడు నైజెల్ ఉట్లీ.
జిమ్ము కంపెనీవాళ్లు మంచి ధర చెప్పారట.
ధరకి జ్ఞాపకాలుండవు, అదే దాని నిజాయితీ అన్నాడు.
మ్యూరియల్ బారక్లఫ్ కళ్లజోడు తీసి
పైకి చూపించింది:
ఆ పలకలు మా తాత వేయించాడు,
వేస్తే మళ్లీ అదే వేల్స్ గని రాయి వేయాలి,
రేకు వేస్తే నా శవం మీదే.
డెస్మండ్‌కి రాయి గొడవ లేదు.
మంగళవారాలు ఈ గదిలో సూపు తాగే
ముప్పైమంది ముసలాళ్ల గొడవ.
ఉన్నవాళ్లం తలా కొంత వేసుకుందామంటే
ఉన్నవాళ్లందరూ బూట్ల వంక చూసుకున్నారు.
కోటుకి జెండా బిళ్ల పెట్టుకున్న కుర్రాడు కల్లమ్
కొనేవాడెవడో, ఏ ఊరివాడో ముందు చెప్పమన్నాడు.
కౌన్సిల్ గ్రాంటు అన్న మాట ఎవరి నోట వచ్చిందో గానీ
అందరూ కలిసి దాన్ని తరిమేశారు.
ఆ సాయంత్రం కుదిరిన ఏకాభిప్రాయం అదొక్కటే.

కాపాడాలి అనే మాట
ఆరుగురూ అన్నారు.
ఒక్కో నోట్లో ఒక్కో బరువు.

పాత మినిట్సు పుస్తకం తెరిచింది మ్యూరియల్.
"నవంబరు 1974. తాత్కాలికముగా ఒక బకెట్టు ఉంచవలెను."
నవ్వారు. ఆమె నవ్వలేదు.
యాభై ఏళ్లు నీళ్లు మోసినదాన్ని
తాత్కాలికం అనకూడదంది.

మూడు చేతులు లేచాయి, మూడు లేవలేదు.
సరిసమానమైతే అధ్యక్షుడి ఓటు
ఉన్నదాన్ని ఉన్నట్టు ఉంచడానికే, అది ఆచారం.
హెలివెల్ గారు ఆచారం పాటించి గొంతు సవరించుకున్నారు.
టప్, అంది బకెట్టు.

లైట్లు ఆర్పబోతుంటే నైజెల్ వెనక్కొచ్చాడు,
గొడుగు మర్చిపోయానంటూ.
గొడుగు చేతిలోనే ఉంది.
బల్ల అంచున ఆకుపచ్చ బట్ట మీద
అరచెయ్యి ఆనించి చాలాసేపు ఉంచాడు,
జ్వరం చూసినట్టు.
ఆ బట్ట కింద కూడా పలకే ఉంటుందట,
అంగుళంన్నర మందం, ఇంతవరకూ వంగలేదట.
నాతో చెప్పాడో, బల్లతో చెప్పాడో.
మెట్లు దిగి వెళ్లిపోయాడు.

నేను బకెట్టు నాలుగు వేళ్లు జరిపాను.
దానికి తీర్మానం అక్కర్లేదు.