టేపు పట్టినవాడు

నా పని చిన్నది.
కెమెరా కంటి నుంచి మనిషి ముఖం దాకా
ఎంత దూరమో టేపు పట్టి చెప్పడం.
ముప్పై ఎనిమిదేళ్లు తెంగ్ షౌయికి అదే చెప్పాను:
రెండు మీటర్లు. మీటరున్నర.
ఒక్కోసారి, జానెడు.

మొదటి కెమెరా ఏదని ఎవరడిగినా
షాన్‌షీలో ఒక కిటికీ అనేవాడు.
చదువు మాన్పించి పేడ మొయ్యడానికి పంపిన ఏడు,
కిటికీకి అంటించిన కాగితంలో
వేలు తడిపి పొడిచిన కన్నం.
అందులోంచి చూశాడట,
ఎదురింటి ముసలామె ఎవరూ లేరనుకుని
పోయిన మొగుడి చెప్పుల్లో కాళ్లు పెట్టుకోవడం.
"అక్కణ్ణుంచి నేను కదల్లేదు, లావో బియాన్."

తొలి సినిమా తొమ్మిదేళ్లు డబ్బాలో పడుంది.
ఎందుకో చెప్పినవాడు లేడు.
ఓ గుమాస్తా మాత్రం గొంతు తగ్గించి
"ఆకాశం కాస్త ఎక్కువైంది" అన్నాడు.
ఆ తొమ్మిదేళ్లూ మాచేత
పందుల పెంపకం మీదా ఎరువుల మీదా తీయించారు.
పందిక్కూడా టేపు పట్టాను.
పంది నిలబడదు.
అది తలతిప్పి చూసేదాకా
చలిలో నాలుగు గంటలు గొంతుక్కూచున్నాడు తెంగ్.
సినిమాలన్నిట్లో అతనికి నచ్చిన షాట్ అదే
అంటే విలేకరులు నవ్వి, రాసుకునేవారు కాదు.

తర్వాత డబ్బా తెరిచారు. పైదేశాల్లో లేచి నిలబడి చప్పట్లు.
తర్వాత పట్టుజెండాలు, ఎనిమిదొందల గుర్రాలు,
పచ్చగుడ్డ ముందు నిలబడి
లేని సముద్రం వైపు చూసే కుర్ర హీరో.
లేని సముద్రానికి టేపు కొస ఎక్కడ ఆనించను?
ఆ సినిమాకి జీతమిచ్చారు గానీ, కొలత అడగలేదు.
అమ్ముడుపోయాడన్నారు జనం, టికెట్లు కొనుక్కుంటూనే.
"గుర్రాలకి మేత బానే పెట్టాం కదా" అన్నాడు, అంతే.

షాంగ్వాన్ యింగ్ సంగతి ఒకటి చెప్పాలి.
అతని ఐదు సినిమాల్లో చేసింది. ఆరేళ్లు భార్య.
ఆమెను మాత్రం రెండు మీటర్ల ఇవతలికి రానివ్వలేదు ఎప్పుడూ.
దగ్గరగా తియ్యొచ్చుగా అన్నాను ఒకసారి.
"ఆ ముఖం నాకు తెలుసు.
మధ్యలో ఉన్నదే తెలీదు. అది తియ్యి."
ఆమె పోయిన రోజు ఫోన్ చేసి
ఏమీ మాట్లాడకుండా ఊపిరి వినిపించి పెట్టేశాడు.

ఇప్పుడు తైయువాన్‌లో, వాళ్ల అపార్ట్‌మెంట్ సందు మొదట్లో
తెల్లారకుండా బన్నులు ఆవిరి పట్టే ఆవిడను తీస్తున్నాడు, సెల్‌ఫోన్‌తో.
దానికి నేనక్కర్లేదు. దూరం అదే చూసుకుంటుంది.
అయినా నాలుగున్నరకే కబురొస్తుంది.
ఇద్దరివీ చేతులు వణికే చేతులు.

"ఎంత?" అంటాడు, వెనక్కి తిరక్కుండా.
జేబులో టేపు తియ్యకుండానే అంటాను, "మూడు మీటర్లు."
"ఆవిరి పోనీ."
సరే అంటాను.
మంచు మీద కాళ్లు మార్చుకుంటూ నిలబడతాం.
ముఖం ఇక కనిపిస్తుందనగా
ఆవిడ ఇంకో వాయి మూత తీస్తుంది.