కళ్లజోడు ఎడమచేతిలో

నా పని గుర్తుపెట్టుకోవడం.
సిగరెట్ ఎంతవరకు కాలింది,
గ్లాసులో టీ ఎంత మిగిలింది,
కెమెరా ఆగి మళ్లీ తిరిగేలోపు
లోకం అంగుళం కదలకుండా కాపలా కాయడం.
ముప్పై ఒక్క ఏళ్లు, గీజా స్టూడియోల్లో.
నా వయసు నోట్‌బుక్కుల్లో లెక్కేసుకోవాలి.

వాటిల్లో ఎక్కువసార్లు రాసిన పేరు
ఏ హీరోదీ కాదు.
తద్రోస్ వహ్బా. షుబ్రా మనిషి.
పోస్టరు మీదికి ఎప్పుడూ ఎక్కని ముఖం.
బస్సులో మాత్రం ఎవరో ఒకరు లేచి సీటిచ్చి
"మా మేనమామతో పనిచేశారు కదూ మీరు" అనే ముఖం.

వాచ్‌మన్, గుమస్తా, టికెట్ కలెక్టరు.
రెండుసార్లు శవం.
ఒకసారి తుమ్మాడు, మళ్లీ చంపాల్సొచ్చింది.
ఆదివారం తప్పకుండా చర్చికెళ్లే మనిషి
పద్నాలుగు సినిమాల్లో నిఖా చదివించాడు.
"కైరోలో నేను పెళ్లి చేయని అందగత్తె లేదు,
ఒక్కతీ భోజనానికి పిలిచింది లేదు" అనేవాడు.

జనం గుర్తుపట్టేది మాత్రం డాక్టరుగా.
ఆపరేషన్ గది తలుపు తోసుకుని వస్తాడు.
కళ్లజోడు తీస్తాడు.
"మా చేతుల్లో ఉన్నదంతా చేశాం."
అంతే వేషం. ఒక పూట పని.
ఆ మాటకి ముందు ఎంత ఆగాలో
కొలిచి పెట్టుకున్నాడు:
ఎదుటి మనిషి తనంతట తానే తెలుసుకునేంత.
"కబురు నేను చెప్పకూడదు ఇంతిసార్,
వాళ్లు చదువుకున్నాక కింద సంతకం పెట్టాలి."
పదకొండు సినిమాలు, ఆరు రంజాన్ సీరియళ్లు.
ప్రతిసారీ నా నోటు: కళ్లజోడు ఎడమచేతిలో.

ప్యారిస్‌లో చదివొచ్చిన కుర్ర దర్శకుడొకడు
"కుడిచేత్తో పట్టుకోండి, ఫ్రేము నిండుతుంది" అన్నాడు.
ఎదురు చెప్పలేదు. కుడిచేత్తోనే చేశాడు.
తర్వాత టీ ఊదుకుంటూ నా పక్కన కూర్చుని,
"కుడిచెయ్యి ఖాళీగా ఉండాలమ్మా," అన్నాడు,
"ఎవరైనా కూలబడితే పట్టుకోవడానికి."

మొన్న జనవరిలో మార్సెల్‌ని ఆస్పత్రిలో చేర్చారు.
కారిడార్లో ప్లాస్టిక్ కుర్చీలు.
చిక్కుడుగింజల రొట్టె సగం తిని
కాగితం చుట్టి జేబులో పెట్టుకున్నాడు.
(సగం. కుడి జేబు. అలవాటు పోదు.)
తలుపు తెరుచుకుంది.
డాక్టరుకి ముప్పై కూడా ఉండవు.
కళ్లజోడు లేదు పాపం,
తీయడానికేమీ లేక చేతులు తడబడ్డాయి.
ఆగకుండా, నేల చూస్తూ, గబగబా చెప్పేశాడు.

ఆ మాట తద్రోస్‌కి కొత్త కాదు.
ఇటువైపు నిలబడి వినడమే కొత్త.
నేను చూశాను, చూడటమే కదా నా పని,
ఆ కుర్రాడి మోకాళ్లు సన్నగా వణకడం.
తద్రోస్ కళ్లజోడు తీశాడు.
ఎడమచేతిలోకి.
కుడిచెయ్యి చాచి ఆ పిల్లాడి మోచెయ్యి పట్టుకున్నాడు.
ఎంతసేపో
నేను లెక్కపెట్టలేదు.

నలభయ్యో రోజు ప్రార్థన అయిన వారానికి
మళ్లీ పిలుపు. నిఖా వేషమే.
పెళ్లికూతురు కొత్త పిల్ల, నవ్వాపుకోలేకపోతోంది.
టేకు తొమ్మిది. ఫ్యాన్లు ఆపేశారు, ఉక్క.
వరుడి చెయ్యి, మామగారి చెయ్యి,
వాటి మీద తెల్ల రుమాలు.
నోటు రాసుకున్నాను:
రుమాలు మీద పెద్దాయన కుడిచెయ్యి.
ఎడమచెయ్యి ఖాళీ.