బదులు

మా అమ్మ అద్దెగదుల పుస్తకంలో
ఆమె సంతకం పదకొండు చోట్ల ఉంది.
హెస్టర్ ఆర్మరాడ్. వెనకగది. ఆదివారం నుంచి ఆదివారం.
పక్కన అమ్మ పెన్సిలు రాత:
"గుడ్డు తినదు. దిండుగలీబు మీద రంగు. డబ్బు సరిగ్గా ఇచ్చింది."
గ్రిమ్స్‌బీలో చరిత్ర ఇంతకంటే పొడుగ్గా రాయరు.

హెర్రింగ్ పడవలొచ్చిన వారానికి వచ్చేది,
క్రూ స్టేషన్లో మూడుగంటలు రైలు కోసం కూర్చుని
గడ్డకట్టిన కాళ్ళతో.
ఒక ట్రంకుపెట్టె, అందులో నలుగురు పనిమనుషులు:
నల్లగౌను మనిషి, తెల్లటోపీ మనిషి,
ఏడ్చే మనిషి, ఉత్తరం తెచ్చే మనిషి.
"తలుపు తియ్యడమే నా వేషం, థోరా," అనేది,
"నేను తియ్యకపోతే కథ వీధిలోనే నిలబడుతుంది."
ఇరవైరెండేళ్ళు "భోజనం సిద్ధం" అని చెప్పింది.
కూర్చుని తినే వేషం ఒక్కటీ రాలేదు.

పుట్టింది ఆక్రింగ్టన్లో, నూలుమిల్లు గోడవారన.
మగ్గాల రొదలో చెవులు పనిచెయ్యవట,
అక్కడి ఆడవాళ్ళు పెదాలతోనే మాట్లాడుకుంటారట,
శబ్దం లేకుండా, నోరంతా తెరిచి.
ఆ విద్యతోనే తెర పక్కన నిలబడి
కథానాయిక పెదాలు చదివి చదివి
ఆరు నాటకాలు నోటికి తెచ్చుకుంది,
ఎవరూ అడగని ఆ నోటికి.

ముప్పై ఏడులో మాత్రం ఫిబ్రవరిలో వచ్చారు.
గురువారం. లండన్ వెళ్ళి తిరిగొస్తున్న మిస్ కోరలీ వేన్
లింకన్ ఇవతల మంచులో, రైల్లో, చిక్కుకుపోయింది.
అయిదింటికి మా తలుపు దబదబా.
మేనేజరు టోపీ మీద మంచు, నోట్లో మాట లేదు.
గౌను జానెడు పొడుగు. వెనక పద్దెనిమిది పిన్నులు,
మా అమ్మే గుచ్చింది.

నాకు తట్టు. తొమ్మిదేళ్ళు. కిటికీకి దుప్పటి కట్టిన గది.
ఆమెకి దొరికిన ఒక్క రాత్రి
నేను చూడలేదు.

చూసినవాళ్ళు చెప్పారు.
రేవులో చేపలు కోసే బెర్తా: "ఏడ్చి ఏడ్చి కళ్ళు వాచాయి."
గ్యాసు మీటర్ల ఆయన: "రెండో అంకంలో ఒక మాట మింగేసింది."
అమ్మ: "పిన్నులు నిలిచాయి."
మర్నాడు పేపర్లో నాలుగు వాక్యాలు,
మిస్ వేన్ ఎప్పటిలాగే అద్భుతమని.
విలేఖరి రాలేదు. మంచు కదా.

ఇంకొకటుంది, అమ్మకి తెలియనిది.
అర్ధరాత్రి దాటాక తలుపు చప్పుడు కాకుండా తీసుకుని
(తలుపులు ఆమెకి తెలిసినంతగా ఎవరికి తెలుసు)
రంగు కడగని మొహంతో నా మంచం దగ్గరికొచ్చింది.
కొవ్వొత్తికి అరచెయ్యి అడ్డం పెట్టి, నా కళ్ళకి తగలకుండా,
మూడో అంకం మొత్తం ఆడింది.
ఉత్త పెదాలతో.
కింద అమ్మ గురక, బయట మంచు,
మధ్యలో ఆ నోరు తెరుచుకోవడం, మూసుకోవడం.
నాకు పెదాలు చదవడం రాదు.
ఎవరినో క్షమించింది. లేదా క్షమించలేదు.
ఒక చోట నవ్వి, నా దుప్పటి సర్దింది.
అది నాటకంలో ఉందో లేదో.

యుద్ధం తర్వాత ఒకసారి వచ్చింది, మాట అందించే మనిషిగా.
తర్వాత రాలేదు. ఎక్కడ పోయిందో ఎవరూ రాయలేదు.
ఆ రాత్రి ప్రోగ్రాముల్లో పెట్టిన చీటీ ఒకటి నా దగ్గరుంది,
బొటనవేలంత: "ఈ రాత్రి మిస్ వేన్ బదులు",
తర్వాత ఆమె పేరు, ఒక అక్షరం తప్పుతో.

ముప్పై ఏళ్ళు చేపల డబ్బాల ఫ్యాక్టరీలో పనిచేశాను.
ఇప్పుడు నా చెవులూ పోయాయి. మనుషుల నోళ్ళకేసి చూస్తుంటాను.
మొన్న బస్సు దగ్గర ఒక కుర్రాడు
ఎక్కబోతున్న పిల్లతో అన్నాడు,
"ఇంకాసేపు ఉండు."
వినపడలేదు నాకు. చూశాను.
ఆ పెదాల ఒంపు నేనెరుగుదును.
నా బస్సు వెళ్ళిపోయింది. నిలబడే ఉన్నాను,
తర్వాతి మాట కోసం.