ఖాళీ బండి బరువు

ఆస్పరి రోడ్డు మీద వేబ్రిడ్జి అద్దాల గదిలో
కూర్చుని బండ్లు తూస్తాను నేను.
నిండు బండి ఒకసారి, ఖాళీ బండి ఒకసారి.
మధ్యలో మిగిలిందే పత్తి.
తొమ్మిదేండ్లుగా ఇదే లెక్క.
ఆదోని సేట్లు నా చీటీని రెండోసారి చూడరు.

ఇంట్లో మాత్రం నాకు మతిమరుపంట.

"బీగంచెవి మేకుకు తగిలించినానంటావు,
మరి బియ్యం డబ్బా కింద ఎట్ల దొరికింది మాబున్నీ?"
అంటాడు ఖాజాహుసేన్. గట్టిగా కూడా కాదు,
జ్వరమొచ్చిన బిడ్డతో మాట్లాడినట్లు.
ఎమ్మిగనూరుకు మా చెల్లెలింటికి బేస్తవారం పోదామన్నాడు.
బేస్తవారం చీర కట్టుకుని నిలబడితే
"నేనెప్పుడన్నా? కలగన్నావేమో."
నవ్వినాడు. నేనూ నవ్వినా. చీర మడిచి పెట్టినా.

జీతం ఎనిమిది వేలు చేతికిస్తే ఆరేనంటాడు.
గ్యాస్ తెరిచి పోయినావంటాడు.
వచ్చినోళ్ళ ముందర నా భుజం మీద చెయ్యేసి
"పాపం, దీనికి కొంచెం ఇది తక్కువ" అని
వేలితో కణత తట్టి చూపిస్తాడు, తన కణతే.
ఎంత ఓపికమంతుడో అనుకుంటారు అందరూ.
నేనూ అదే అనుకున్నా, అల్లా సాక్షిగా.
ఆదివారం పొద్దున ఉగ్గాని, మిరపకాయ బజ్జీ పొట్లం విప్పుతూ
"నేను గాకుంటే నిన్నెవరు భరిస్తారు" అన్నప్పుడు
కండ్లలో నీళ్ళు బజ్జీ కారానికేనని చెప్పుకున్నా.

గడప దాటి మూడుసార్లు వెనక్కి వచ్చేదాన్ని.
గ్యాస్. బీగం. మళ్ళీ గ్యాస్.
చెయ్యని పనికి "తప్పైపోయింది" అనడం
నాలుకకు మరిగింది, వక్కాకు మాదిరి.

పత్తి జోరుగా దిగే రోజుల్లో ఒక మాపటేళ
ఆలూరు బండి డ్రైవరొకడు కిటికీ గుద్దినాడు.
"నీ కాటా తప్పు. సరిగా చూళ్ళేదు నువ్వు. తిక్కదానివా?"
నా నోట్లోంచి ఒక గొంతు వచ్చింది,
"బండి మళ్ళీ ఎక్కించన్నా. ఇద్దరం చూద్దాం."
ఎక్కించినాడు.
ఏడు వేల నాలుగొందల అరవై.
ఇందాకా అదే.
చీటీ మడిచి జేబులో పెట్టుకుని గమ్మున పోయినాడు.

దుమ్ము అణిగినాక కూడా ఆ గొంతు గురించే కూర్చున్నా.
అది నాదే.
మరి సందకాడ చెప్పులు విడిచినట్లు
దాన్ని గడప బయట విడిచి
ఎందుకు పోతాన్నా లోపలికి?

ఆ రాత్రి నుంచి, అచ్చు సరిగా పడని చీటీల వెనక రాసినా.
మంగళారం రాత్రి పది: బీగంచెవి మేకుకే ఉంది, తాకి చూసినా.
బుధారం పొద్దున ఆరు: బియ్యం డబ్బా కింద.
మధ్యలో నేను లేవలేదు. ఆయన ఒకసారి లేచినాడు.

పదకొండు చీటీలు.
ఆయనకు చూపించేదానికి గాదు,
చూపిస్తే ఆ అక్షరాలే నావి కాదంటాడు.
చాప మీద వరసగా పరిచి
నిండు బండిలోంచి ఖాళీ బండిని తీసేసినట్లు
ఆయన మాటలు తీసేసి చూసుకున్నా.
మిగిలింది తిక్క కాదు.

తర్వాతిసారి "నేనట్ల అన్లేదు" అన్నప్పుడు
"అన్నావు. నాకు గ్యాపకముంది" అన్నా.
అంతే. రుజువు చెప్పలేదు. రొట్టె తిప్పుకుంటూ ఉన్నా.
ముందు నవ్వినాడు. తర్వాత ఏడ్చినాడు.
ఆ తర్వాత మా అన్నకు ఫోన్ చేసి
"మీ చెల్లెలికి గాలి సోకింది, దర్గాకు తీసుకుపోవాల" అన్నాడు.
మా అన్న సగం నమ్మినాడు కూడా.
నమ్మనిది కాటా పక్క టీకొట్టు సుంకమ్మ.
"రూపాయి చిల్లర మర్చిపోంగ నిన్ను నేనెప్పుడు చూసినానే?"
ఆ ఒక్క మాట మీద కాలు పెట్టి
అవతలికి దాటినా.

ఇప్పుడు ఒంటిగది.
మేకు నేనే కొట్టుకున్నా, కొంచెం వంకర.
బీగంచెవి రాత్రి పెట్టిన తావనే తెల్లారి ఉంటుంది.
ఇనుము కదలకుండా ఉండడం
ఇంత వింతని నాకు తెలీదు.

అయినా కొన్ని రాత్రులు ఉలిక్కిపడి లేచి
చీకట్లోనే గ్యాస్ తావకు పోతాను.
కట్టేసే ఉంటుంది.
ఒకసారే చూసి వచ్చి పడుకుంటా.