పొలుసుల రీలు

సెతూబల్ రేవులో మూతపడ్డ
చేపడబ్బాల ఫ్యాక్టరీ మీద సినిమా అంది దెవొలిందా.
కెమెరా ఏదమ్మా అంటే
"అమ్మేశాను బెల్మీరూ,
దానికి ఎదురుగా ఉన్నదే కనబడుతుంది."

నేను ప్రొజెక్టర్లు బాగుచేసేవాణ్ణి.
నలభై ఏళ్లుగా పళ్లచక్రాలకి నూనె పెట్టిన వేళ్లివి.
సినిమా అంటే నాకు
సెకనుకి ఇరవై నాలుగు బొమ్మలు తెగకుండా నడవడం.
అంతకు మించి నన్నడగొద్దు.

తెల్లారకముందే చేపల బజారుకి పోయేది.
చేపలు కొనడానికి కాదు,
బల్లలు కడిగిన నీళ్లలో సార్డీన్ పొలుసులు ఏరుకోడానికి.
అమ్మేవాళ్లు వారం రోజులు నవ్వారు.
ఆ తర్వాత వాళ్లే
వెన్న డబ్బాలో పోసి, మూతపెట్టి ఉంచేవారు.

బొమ్మ లేని ఫిల్ము,
బొటనవేలి గోరంత వెడల్పు.
దాని మీద పట్టకారుతో ఒక్కో పొలుసూ.
ఒక సెకను సినిమాకి ఒక పూట.
తుమ్మొస్తే రెండు సెకన్లు గాల్లో కలిసిపోయేవి.

"కథేమిటి?"
"మా అవ్వ చేతులు."
"చేతులేవీ మరి?"
"చేతులు కాదు. రాత్రి ఇంటికొచ్చాక కూడా
వాటిని వదలనివి."

పదకొండో ఏట పనిలో చేరిందట ఆ అవ్వ.
పడవలొచ్చాయని ఫ్యాక్టరీ కూత పెడితే
అర్ధరాత్రైనా, పాలు తాగే బిడ్డ చంకనున్నా, పరుగే.
ఒక్క ఫొటో లేదు.
జీతాల పుస్తకంలో పేరు కూడా తప్పే రాశారు.

ఫిల్ము అంచున శబ్దం ఉండే సన్నటి దారిలో
సూదితో గీతలు గీసింది, దగ్గర దగ్గరగా.
నేను వినలేదు, ఎలుక కొరికిందనుకున్నాను.

గొడవ పడ్డాను కూడా:
"ఇంత మందమైతే గేటులో ఇరుక్కుంటుంది,
దీపం వేడికి కాలిపోతుంది."
"కాలనీ," అంది. అంతే.

కార్మిక సంఘం హాలు, ప్లాస్టిక్ కుర్చీలు,
పదకొండు మంది ముసలమ్మలు.
తెర మీద వెండి.
పొలుసు లోపల వలయాలు,
చేప బతికిన ఏళ్లన్నీ గోడంత.
అప్పుడు మోగింది ఆ గీతల కూత.
గీసిందే, అయినా కూతే.
ముందు వరసలో ఇద్దరు లేవబోయి కూర్చున్నారు.

నేనన్నట్టే ఇరుక్కుంది.
తెర నడిమధ్య గోధుమ రంగు మరక, బుడగలు.
స్విచ్చు వైపు నా చెయ్యి పోతుంటే
వాసన.
పులిసిన ఉప్పు, కాలిన పొలుసు,
ఎవరింట్లోనూ ఇప్పుడు లేని వాసన.

ఎవరూ ముక్కు మూసుకోలేదు.
ఎర్మెజిందా అని, కర్ర పట్టుకుని నడిచే ఆవిడ,
తనకే తెలియకుండా
చొక్కా చేతులు మోచేతుల దాకా మడుచుకుంది.
పక్కావిడ కూడా.
ఆ వరసంతా.

స్విచ్చు వేయలేదు నేను.
చక్రం చేత్తో తిప్పాను,
ఒక్కో బొమ్మా, మెల్లగా,
నలభై ఏళ్లలో మొదటిసారి లెక్క తప్పి.

మర్నాడు గేటు స్పిరిటుతో తుడిచాను.
ఒక పొలుసు మూలన అంటుకునే ఉంది.
గోటితో తీస్తే వచ్చేది.

ఇప్పుడు ఏ సినిమా వేసినా
తెర కుడిమూల చిన్న మెరుపు.
జనం ఫిర్యాదు చేస్తుంటారు.
లెన్సు పాతదండీ అంటాను.