ఏమీ జరగని బుధవారం

సోమాజిగూడలో, ఏడో అంతస్తులో,
ఏసీ చలికి చున్నీ భుజాల చుట్టూ లాక్కుంటుంటే
పెద్దసారు అడిగాడు:
"మూడేళ్లయింది కదమ్మా,
ఎంతమందిని ఆపారు?"

నా దగ్గర గడుల కాగితం ఉంది.
హాజరు ఉంది, బిస్కెట్ల బిల్లు ఉంది,
ముందు పరీక్ష, తర్వాత పరీక్ష,
నడుమ పైకి పోతున్న బాణం గుర్తు.
జరగనిదాన్ని రాసే గడి
గీసినవాళ్లు మర్చిపోయారు.

మొదటి ఏడాది నాకూ తెలియలేదు సార్.
అడ్డగుట్ట బడికి పోస్టర్లు మోసుకుపోయాను.
పుర్రె బొమ్మ, సిరంజి బొమ్మ, ఎర్రటి అక్షరాలు.
తొమ్మిదో తరగతి బి సెక్షన్ బుద్ధిగా విన్నది.
బయటికొస్తుంటే ఐలేశ్ అనే పిల్లగాడు
"మేడం, గా మూడో బొమ్మల ఉన్నది యాడ దొరుకుతది?" అన్నాడు.
క్లాసంతా నవ్వింది. నేనూ నవ్వాను.
ఆ రాత్రి నిద్ర పట్టలేదు.

రెండో ఏడాది, సమస్య ఉన్న పిల్లల
జాబితా ఇమ్మన్నాం.
పదకొండు పేర్లొచ్చాయి.
వారం తిరక్కముందే
పదకొండుమందికీ ఒకటే పేరు పడింది:
లిస్టుగాళ్లు.
అప్పటిదాకా విడివిడిగా తిరిగినవాళ్లు
ట్యాంకు వెనక ఒక జట్టయ్యారు.
ఆ జట్టు మేం కట్టిందే సార్,
మీ నిధులతో.
కాగితం నేనే చింపాను.

ఆ తర్వాత ఊరికే కూర్చున్నాను.
బడి గేటు ఎదురుగా, ఖైసర్ భాయ్ పంక్చర్ షాపు బల్ల మీద,
నెల రోజులు.

వంట చేసే అంజవ్వ పళ్లేలు కడుగుతూ
ఎవరి అన్నం ఎంత మిగిలిందో చూస్తుంది.
"తస్నీం గుడ్డు సుత ముడ్తలేదు మేడం. మూడొద్దులాయె."
మేం తెప్పించిన నలభై ప్రశ్నల పత్రంలో
గుడ్డు లేదు.

ఖైసర్ భాయ్ పిల్లల చేతికి సొల్యూషన్ ట్యూబు ఇవ్వడు.
"సైకిల్ తీస్కరా బేటా, నేనే అంటిస్త."
సైకిలే లేని పిల్లగాడు
ఏం చెప్పాలో తోచక కాసేపు నిలబడి,
బోర్లించిన ఎవరిదో బండి చక్రం
తిప్పుతూ కూర్చుంటాడు.
పుల్లలు కనిపించకుండా పోయేదాకా,
మళ్లీ ఒక్కొక్కటీ కనిపించేదాకా.

మూడో ఏడాది మేం చేసింది చాలా తక్కువ.
అంజవ్వ చెప్పేది వినడానికి ఒక మనిషిని పెట్టాం.
ఖైసర్ భాయ్‌కి రెండో బల్ల కొనిచ్చాం.
లెక్కల సారుని ఒక్క మాట మార్చుకోమని
ఆర్నెల్లు బతిమాలాం.
"ఏం రోగంరా నీకు" అనే చోట
"ఏమైందిరా" అనమని.
ఆయనకి సిగ్గేసింది. అద్దంలో చూస్కుంటూ
అనుకున్నాడట, భార్య నవ్విందట.

అర్ధ సంవత్సర పరీక్షల పేపర్లిచ్చిన బుధవారం.
ఐలేశ్‌కి లెక్కల్లో నాలుగు.
వాళ్ల నాయన నీళ్ల ట్యాంకర్ నడుపుతాడు, చెయ్యి కూడా అట్లాంటిదే.
బడి వెనక గోడ దూకితే లాలాగూడ పట్టాలు.
పిల్లగాడు గోడ దాకా పోయాడు.
బ్యాగు అటువైపు విసిరాడు కూడా.

లెక్కల సారు స్కూటర్ తీస్తూ చూసి,
"ఏమైందిరా" అన్నాడు.
"ఏం లేదు సార్."
"బ్యాగేదిరా?"
వీడు మాట్లాడలేదు.
యాభై దాటిన మనిషి, మోకాళ్ల నొప్పులు,
చుట్టూ తిరిగిపోయి బ్యాగు తెచ్చాడు.
ఇద్దరూ పంక్చర్ షాపు బల్ల మీద చాయ్ తాగారు.
లెక్కల గురించి మాట్లాడలేదు.
చీకటి పడ్డాక సారే ఇంటిదాకా వెళ్లి
ట్యాంకర్ వచ్చేదాకా గడపలో నిలబడ్డాడు.

గురువారం పొద్దున ఐలేశ్
తల దువ్వుకోకుండా బడికొచ్చాడు.

ఇది ఏ గడిలో రాయమంటారు సార్?
గోడ దాకా పోయినవాడు ఒకడని తెలుసు,
ఆ దిక్కు అసలు చూడనివాళ్లు ఎందరో
నాకెప్పటికీ తెలియదు.

ఒక్క చిన్న విషయం.
ఆ రెండో బల్ల కాలు ఊగుతోంది.
మూడొందలు అవుతుందన్నాడు వడ్లాయన.