గట్టు ఎక్కరాదు

ఆ కుర్రోడి మీద రిపోర్టు రాయడానికి
చాకిచర్ల పోయినరోజు నాకొక మంచి కారణం కావాలి.
తల్లి మందులకనో, చెల్లి ఫీజుకనో,
మేజిస్ట్రేటు గారి ముందు పెట్టడానికి ఏదో ఒకటి.
దొరకలేదు.
ఏరియేటర్ మోటార్లు రెండు విప్పి, రాగితీగ ఒలిచి
ఉలవపాడు పాతసామాన్ల కొట్లో అమ్మితే వచ్చినవి
రెండు వేల ఆరొందలు.
ఫోనుకి కొత్త అద్దం. మిగిలింది బిర్యానీ.
"ఆకలేసిందా?" అని అడిగాను, ఆశగా.
"లేదు సార్. తినబుద్దేసింది."
అదే రాశాను.

మాల్యాద్రి, పంతొమ్మిదేళ్లు, మొదటి నేరం.
'మొదటి' దగ్గర కలం కాసేపు ఆగింది.
రెండోది ఉంటుందని ముందే ఒప్పుకున్నట్టు
ఎందుకు లెక్కపెడతామో మేము.

కందుకూరు కోర్టులో, వెనక బల్ల మీద
చేవూరి రమణారెడ్డి. కౌలు గుంటలు.
తెల్లారుజామున గాలాడక
గట్ల వెంబడి తెల్లగా తేలిన పంట.
ఇంకో పన్నెండు రోజుల్లో పట్టుబడి ఉందనగా.

తీర్పు చదివారు.
జైలు లేదు. రెండేళ్లు మంచి నడవడి బాండు,
మేనత్త వజ్రమ్మ జామీను,
నష్టం కింద ముప్పై వేలు, నెలకింతని,
నెలనెలా నా ముందు సంతకం.
ఇంకా, నేనే సూచించిన షరతు ఒకటి:
ఫిర్యాదుదారు గుంటల గట్టు ఎక్కరాదు.

మెట్ల మీద రమణారెడ్డి నన్నాపాడు.
అరవలేదు. అరిచుంటే బాగుండేది.
"నాలుగు లక్షల అరవై వేలయ్యా.
బాండు రాస్తే బతుకుతాయంటే చెప్పండి,
రొయ్యల తరపున నేను సంతకం పెడతా."

సైకిలెత్తుకుని లోపలికి పోయినోడు
ఆర్నెల్లకి లారీ టైర్ల లెక్క నేర్చుకుని రావడం
నేను చూశాను. ఆ మాట చెబుదామనుకున్నాను.
చచ్చిన రొయ్యల ముందు అది చాలా చిన్న మాట.
ఫైలు ఈ చేతిలోంచి ఆ చేతిలోకి మార్చుకున్నాను.

మొదటి నెల సంతకం
గోడ దూకేవాడిలా గీత మీంచి కిందికి.
నాలుగో నెల రాలేదు. నేనే పోయాను.
క్రికెట్ ఆడుతున్నాడు.
వజ్రమ్మ చీపురు తీసుకుంది.
నేను వద్దనలేదు.
ఆ తర్వాత సపోటాల మండీలో గంపలు మోస్తున్నానని
అరచేతులు చూపించాడు, అడక్కుండానే.

తొమ్మిదో నెల గొంతు బొంగురుపోయి వచ్చాడు.
జలుబా అన్నాను.

"కాదు సార్. మొన్న రాత్రి కరెంటు పోయింది.
మోటార్ల సప్పుడు ఆగేసరికి మెలకువొచ్చింది.
ముందు హాయిగానే ఉండింది, మోత లేదని.
తర్వాత దడ పుట్టింది.
ఉరికినా. గట్టు మొదట్లో నిలబడిపోయినా.
ఎక్కకూడదు గదా, మీరే రాయిస్తిరి.
వాచ్‌మెన్ నిద్రపోతా ఉండాడు.
రెడ్డీ, మోటార్లాగినయ్! అని
రోడ్డు మీంచే అరిచినా, గొంతు పోయేదాకా.
వచ్చినాడు. డీజిల్ ఇంజిన్ ఏసినాడు.
టార్చి నా మొహం మీద కొట్టినాడు ఒకసారి."

"ఏమన్నాడు?"

"ఏమన్లే. లైటు ఆర్పి పోయినాడు."

నివేదికలో గడి: షరతుల ఉల్లంఘన.
'లేదు' అని రాశాను.
ఆ రాత్రికి గడి లేదు.
మార్జిన్లో పెన్సిలుతో గుర్తు పెట్టుకున్నాను,
ఎవరికి చూపించాలో తెలియకుండా.

మాల్యాద్రి సంతకం పెట్టి కూడా లేవలేదు.
"సార్, ఈసారి ఆగితే ఎక్కొచ్చా?"

షరతు మార్చాలంటే కోర్టుకి అర్జీ పెట్టాలి అన్నాను.
రెడ్డి ఒప్పుకోకపోవచ్చు అన్నాను.
తెల్లకాగితం ఇచ్చాను.

నాలుక పంటికింద పెట్టుకుని రాశాడు, చాలాసేపు.
'గట్టు' అన్నచోట ఒత్తు మరిచాడు.
వేలు పెట్టి చూపించాను.
దిద్దుకున్నాడు.
ఒత్తు కొంచెం పెద్దదైంది.